ఎరుపును మింగిన ఫైలు

తన ఊరి పుస్తకం ఎప్పుడు చేతికొస్తుందా అని కోమలి చాలా రోజులుగా ఎదురుచూస్తోంది. 2001 మార్చిలో ఒక బుధవారం ఉదయం అది వచ్చింది. అట్ట ఊడిపోయి, అంచులు చెదలు తినేసి ఉంది. పైన గుండ్రటి చేతిరాతలో 'మద్దికుప్పం' అని ఉంది.

కోమలి పనిచేసే స్కానింగ్ సెంటరు చిత్తూరులో కోర్టు వెనకవీధిలో ఉంది. ఒకప్పటి మామిడికాయల మండీని నాలుగు గదులుగా చేసి గిరిప్రసాద్ పెట్టిన సెంటరది. సత్యవేడు వైపు పల్లెల పాత భూమి పుస్తకాలన్నిటినీ కంప్యూటర్లోకి ఎక్కించే పనిని ఒక ప్రభుత్వ కార్యాలయం అతనికి అప్పగించింది. ప్రతి పేజీనీ రంగుల్లో స్కాన్ చేయాలి. ఆ బొమ్మను నలుపూ తెలుపుగా మార్చాలి. మార్చిన బొమ్మను తెర మీద చూస్తూ ఇంకో గదిలోని ఆడపిల్లలు పేర్లు, విస్తీర్ణాలు టైపు చేస్తారు. రంగుల బొమ్మలకు డిస్కుల్లో చోటు చాలదు కాబట్టి వాటిని ఏ రోజువి ఆ రోజే తుడిచేసేవారు. పని అయిపోయిన పుస్తకాలను గోతాల్లో కుట్టి వెనక షెడ్డులో వేసేవారు. పురుగు పట్టినవి మళ్ళీ దాచేదేమిటని, వాటిని కాగితం మిల్లుకు పంపేయమని ఆ కార్యాలయమే రాతపూర్వకంగా చెప్పింది.

కోమలి పుస్తకం తెరిచి ఒక్కో పేజీ నెమ్మదిగా తిప్పింది. ముప్పై రెండో పేజీలో కనిపించింది. నల్లసిరాతో 'ప్రభుత్వ బంజరు' అని రాసిన గడి పక్కన, ఎర్రసిరాతో, 'సంతోషమ్మ, భర్త ఏసయ్య, ఎకరా నలభై సెంట్లు.' దాని కింద ఇంకా ఇరవై ఆరు పేర్లు, అన్నీ ఎర్రసిరాలోనే. కోమలి పుట్టిన ఏడాది మద్దికుప్పంలో భూమి లేని ఇరవై ఏడు కుటుంబాలకు ఇచ్చిన ముప్పై ఎనిమిది ఎకరాల గుట్టవారి చేను అది. పట్టాలు ఇచ్చిన మూడేళ్ళకే బోదగడ్డి కప్పిన కొట్టాలు అంటుకుని కాగితాలన్నీ కాలిపోయాయి. ఆ తర్వాత ఆ చేను వాళ్ళదని చెప్పేది ఈ ఒక్క పేజీయే. ఏసయ్య ఆ చేనులో చెనక్కాయ వేస్తూనే చనిపోయాడు. సంతోషమ్మ ఇంకా వేస్తూనే ఉంది.

అమ్మ పేరు మీద వేలు పెట్టి చూసుకుని, కోమలి ఆ పేజీని స్కానర్ మీద బోర్లించింది. మీట నొక్కింది. మార్పు పూర్తయి నలుపూ తెలుపు బొమ్మ తెర మీదికి వచ్చింది.

'ప్రభుత్వ బంజరు' అని ఉంది. పక్క గడి ఖాళీగా ఉంది.

స్కానర్ అద్దం తుడిచి మళ్ళీ చేసింది. మళ్ళీ ఖాళీయే. రంగుల బొమ్మ తెరిచి చూస్తే ఎర్రటి పేర్లు నిక్షేపంగా ఉన్నాయి. నలుపూ తెలుపుగా మార్చేటప్పుడు పోతున్నాయి. అంతకుముందు పంపిన డిస్కుల నకళ్ళు తీసి వరుసగా తెరిచింది. జనవరి నాటి పల్లెల్లో ఎర్రసిరా రాతలు నల్లగా, స్పష్టంగా ఉన్నాయి. ఫిబ్రవరి రెండో వారం నుంచి ఏ పల్లెలోనూ ఒక్కటీ లేదు. నూట నలభై పల్లెలు. నల్లసిరాతో రాసిన మొదటి సొంతదార్ల పేర్లన్నీ ఉన్నాయి. తర్వాత ఇచ్చిన పట్టాలు, చేర్చిన పేర్లు, అధికారులు ఎర్రసిరాతో రాసినవన్నీ తుడిచిపెట్టుకుపోయాయి.

కోమలి తిరుపతిలో రెండేళ్ళు కంప్యూటర్ కోర్సు చదివిన మనిషి. ఎక్కడ వెతకాలో ఆమెకు తెలుసు. బొమ్మను మార్చే పని ఆ ప్రోగ్రామ్ స్వయంగా చేయదు. విండోస్ సిస్టమ్ ఫోల్డర్లో ఉండే ఒక డి.ఎల్.ఎల్. ఫైలును పిలిచి చేయించుకుంటుంది. ఆ ఫైలు ఏ ఒక్క ప్రోగ్రామ్‌దీ కాదు. బొమ్మలతో పని ఉన్న ప్రోగ్రామ్ ఏదైనా దాన్ని పిలుచుకోవచ్చు. ఇద్దరు ముగ్గురు తయారీదార్లు అదే పేరుతో ఎవరికి కావలసినట్టు వాళ్ళు మార్చుకుని తమ సీడీల్లో పెడతారు. తర్వాత ఎక్కించిన ప్రోగ్రామ్ ముందున్న ఫైలు మీద తనది పరిచేస్తుంది. కోమలి ఆ ఫైలు తేదీ చూసింది. ఫిబ్రవరి పన్నెండున మారింది.

ఆ రోజు సెంటరులో ఏం జరిగిందో ఆమెకు గుర్తుంది. తిరుపతిలో ఒక కోచింగ్ సెంటరు వాళ్ళ పరీక్ష జవాబు పత్రాలు వారంలో దిద్దిస్తానని గిరిప్రసాద్ ఒప్పుకున్నాడు. వాటిని చదివే ప్రోగ్రామ్‌ను అన్ని కంప్యూటర్లలోనూ ఎక్కించింది ధర్మేంద్ర. సెంటరులో మెషిన్ల పని అతనిదే. జవాబు పత్రాల మీద గుండ్రాలు ఎర్రగా అచ్చయి ఉంటాయి. పిల్లలు పెన్సిల్‌తో దిద్దిన గుర్తులు మాత్రమే మిగలాలి కాబట్టి ఆ ప్రోగ్రామ్ తెచ్చిన డి.ఎల్.ఎల్. ఎరుపును కావాలనే వదిలేస్తుంది. దాని పని అది సక్రమంగానే చేసింది. జవాబు పత్రాలు అయిపోయాయి, ఫైలు మాత్రం అక్కడే ఉండిపోయింది.

ధర్మేంద్రను అడిగితే తల గోక్కున్నాడు. "కంప్యూటర్ ఏందో అడిగింది కోమలీ. ఉన్న ఫైలు అట్లే పెట్టుకుంటావా, మార్చమంటావా అని. ఎనిమిది మెషిన్లు, ఎవురు సదువుతారు అదంతా. మార్చమని నొక్కేసినా."

కోమలి గిరిప్రసాద్ గదికి పోయి ఉన్నదంతా చెప్పింది. అతను నిలబెట్టి వినలేదు, కుర్చీ వేయించి విన్నాడు. రెండు బొమ్మలూ పక్కపక్కన పెట్టించుకుని చూశాడు.

"ఈ సంగతి ఇంకెవురికి తెలుసు?"

"ధర్మేంద్రకు సార్. పుస్తకాలన్నీ షెడ్డులోనే ఉండాయి సార్. లారీ శనివారం గదా వచ్చేది. పాత ఫైలు మన సీడీలో ఉండాది, నేను మార్చేస్తాను. అందరం కూర్చుంటే ఎర్రసిరా ఉండే పేజీలు మాత్రం మళ్ళీ తీసేయొచ్చు. నెల పడుతుందేమో."

"నెలా? ఆ డిస్కులన్నీ సరిచూసినామని ఆఫీసులో సంతకాలు పెట్టేసినారు మే కోమలీ. ఇప్పుడు నేను పొయ్యి తప్పు అని చెప్తే ఆ సంతకం పెట్టినాయన నన్ను బతకనిస్తాడా?" గిరిప్రసాద్ గొంతు పెంచలేదు. "ఆ ఎర్ర పేర్లు ఎవురివి? గుట్టల్లో, మిట్టల్లో ఉండేవాళ్ళవి. వాళ్ళు వచ్చి కంప్యూటర్ చూస్తారా? చూసేవాళ్ళ పేర్లన్నీ నల్లగానే ఉండాయి."

"మా అమ్మ పేరు ఉండాది సార్ అందులో."

అతను ఆమె వంక ఒకసారి చూసి నవ్వాడు. "అయితే గమ్మునుండు. ఆ పల్లెలన్నీ మార్చింది నీ మెషిన్లో, నీ పాస్‌వర్డుతో. నోరు తెరిస్తే మొదట అడిగేది నిన్నే."

కోమలి తన సీటుకు వచ్చి కూర్చుంది. కార్యాలయానికి పోయి చెప్పాలనుకుంది. సంతకం పెట్టింది కూడా అక్కడి మనిషే కదా అని గుర్తొచ్చి ఆగిపోయింది. సీడీ వేసి పాత డి.ఎల్.ఎల్.ను తన మెషిన్లో ఎక్కించింది. అందరూ అన్నానికి పోయే సమయంలో, గురువారం, శుక్రవారం, మద్దికుప్పం పేజీలను మళ్ళీ తీసింది. ఇరవై ఏడు పేర్లూ తానే టైపు చేసి, పంపాల్సిన డిస్కులో ఆ ఊరి ఫైలును మార్చింది.

ఆ పని శుక్రవారం ఒంటిగంటన్నరకే అయిపోయింది. షెడ్డులో గోతం మూతి ఇంకా విప్పే ఉంది. అందులో పైనే కంబాలమిట్ట పుస్తకం ఉంది. మద్దికుప్పానికి వాగు అవతల ఉన్న పల్లె. కోమలి దాన్ని చేతిలోకి తీసుకుంది. నలభై పేర్లుంటాయి. అందులో చెంగమ్మ పేరూ ఉంటుంది. బడికి నడిచిపోయే రోజుల్లో వానొస్తే కోమలిని ఇంట్లోకి పిలిచి, తల తుడిచి, తన బిడ్డలతోపాటు సంగటి పెట్టిన చెంగమ్మ.

వరండాలో ఎవరివో చెప్పుల చప్పుడైంది. కోమలి పుస్తకాన్ని గోతంలో పడేసింది. వచ్చింది నీళ్ళ క్యాను వేసే మనిషి. అతను వెళ్ళిపోయాడు. ఇంకా అరగంట టైముంది. కంబాలమిట్ట డిస్కు ముందే వెళ్ళిపోయింది, ఇప్పుడు చేసినా దాన్ని ఎట్లా మారుస్తానులే అని తనకు తాను చెప్పుకుంది. కనీసం ఆ పేజీలను ఇంటికి తీసుకుపోవచ్చని తోచింది. దొరికితే దొంగతనం అవుతుందని భయం వేసింది. గోతం మూతి కుట్టేసి వచ్చి అన్నం క్యారియర్ తెరిచింది.

శనివారం లారీ వచ్చింది. పుస్తకాలు పోయాయి.

సోమవారం గిరిప్రసాద్ ఆమె మెషిన్ దగ్గర నిలబడి ఒక పేజీ వేయించుకుని చూశాడు. ఎరుపు వచ్చింది. "బాగుండాది. అన్నిటిలోనూ ఇదే ఫైలు పెట్టేయ్. ఇంక మీదట తప్పు రాకూడదు" అన్నాడు. కోమలి ఎనిమిది మెషిన్లలోనూ ఆ ఫైలు పెట్టింది. జవాబు పత్రాల ప్రోగ్రామ్‌ను ధర్మేంద్ర తీసేశాడు. దాని సీడీ మళ్ళీ కనపడలేదు.

ఎనిమిది నెలల తర్వాత కొత్త జాబితాలు అమల్లోకి వచ్చాయి. ఖాళీగా పడి ఉన్న ప్రభుత్వ భూముల లెక్క వాటిలోంచే తీశారు. గుట్ట పొడుగునా ఎవరి పేరూ లేని భూములే కనిపించాయి. మామిడి తోటలున్న మునస్వామి అనే పెద్ద రైతు, గుజ్జు ఫ్యాక్టరీ పెడతానని ఆ భూములన్నీ లీజుకు అడిగాడు. కంబాలమిట్ట వాళ్ళు పోయి మా చేన్లు అంటే, కంప్యూటర్లో మీ పేర్లు లేవు పొమ్మన్నారు. పట్టా కాగితాలు చూపమన్నారు. సరిచేసి ఇస్తానని ఆ కాగితాలను ఎప్పుడో ఊళ్ళోకి వచ్చిన ఉద్యోగి ఒకడు పట్టుకుపోయాడు, తిరిగివ్వలేదు. జేసీబీ వచ్చి కోతకు వచ్చిన చెనక్కాయ చేన్ల మీదుగా కంచె గుంటలు తవ్వుకుంటూ పోయింది. కాయలు దులుపుకుంటామని ఆడవాళ్ళు అడ్డంగా పడుకుంటే, పోలీసులు వాళ్ళను చేతులూ కాళ్ళూ పట్టి ఎత్తి గట్టు మీద వేశారు.

వాగు దగ్గరకొచ్చి జేసీబీ ఆగింది. మద్దికుప్పం ముప్పై ఎనిమిది ఎకరాలకు పేర్లున్నాయి.

మునస్వామి తెలివైనవాడు. నూట నలభై పల్లెల్లో ఎక్కడా లేని పేర్లు ఈ ఒక్క పల్లెలో ఎట్లా వచ్చాయని ఫిర్యాదు రాసిచ్చాడు. ఆ డిస్కులో మద్దికుప్పం ఫైలు తక్కిన ఊళ్ళ కన్నా రెండు రోజులు ఆలస్యంగా, మధ్యాహ్నం భోజనాల వేళ మారిందని తేలింది. ఎవరి పాస్‌వర్డుతో మారిందో తేలింది. ఆ అమ్మాయి ఏ ఊరిదో, ఫైలులో మొదటి పేరు ఎవరిదో కూడా తేలింది.

విచారణ గిరిప్రసాద్ సెంటరులోనే జరిగింది. విచారణ అధికారి నెమ్మదస్తుడు, కోమలిని చివరిదాకా మాట్లాడనిచ్చాడు. ఆమె డి.ఎల్.ఎల్. సంగతి మొదటి నుంచీ చెప్పింది. ఎర్రసిరా ఎట్లా పోయిందో, ఏ తేదీ నుంచి పోయిందో, తాను దొంగరాతలు రాయలేదని, ఉన్న రాతలనే నిలబెట్టానని చెప్పింది.

"ఫైలు తప్పు అంటున్నావు. అయితే చూపించు" అన్నాడు అధికారి.

"ఇప్పుడు రాదు సార్. నేనే సరిచేసినాను."

గిరిప్రసాద్ కుర్చీలోంచి లేచాడు. తెల్లకాగితం ఒకటి తీసి, అధికారి జేబులోని ఎర్ర పెన్ను అడిగి తీసుకుని, పెద్ద అక్షరాలతో 'కోమలి' అని రాశాడు. స్కానర్ మీద పెట్టాడు. తెర మీద ఆమె పేరు నల్లగా, అంచు చెదరకుండా వచ్చింది. ఇంకో మెషిన్లో వేశాడు. అక్కడా వచ్చింది. ఎనిమిదింటిలోనూ వేసి చూపించాడు, ఒక్కటీ వదలకుండా.

"మా కాడ ఇట్లాంటి తప్పు ఎన్నడూ లేదు సార్. పల్లె నుంచి వచ్చిన పాప, తండ్రి లేడు, కష్టపడతాదని పనిలో పెట్టుకున్నాను. ఇట్ల చేస్తాదనుకోలేదు" అన్నాడు. అతని గొంతులో బాధ కూడా పలికింది.

"ధర్మేంద్రను అడగండి సార్! ఆ ప్రోగ్రామ్ ఎక్కించింది ఆయనే!"

ధర్మేంద్ర తలుపు దగ్గర నిలబడి ఉన్నాడు. కోమలి వంక చూడలేదు. "జవాబు పత్రాలు మేము తిరుపతిలోనే వేరే మెషిన్లలో చేసినాము సార్. ఈడ ఏమీ ఎక్కించలేదు."

పుస్తకాలు ఉంటే ఒక్క నిమిషంలో తేలిపోయేది. అవి మిల్లులో నాని గుజ్జయి అప్పటికి ఎనిమిది నెలలు దాటింది. నూట నలభై పల్లెల ఖాళీ గడులన్నీ నిజమయ్యాయి. ఇరవై ఏడు నిజమైన పేర్లు దొంగవయ్యాయి.

మద్దికుప్పం పేర్లు కొట్టేశారు. కోమలి మీద రికార్డులు తారుమారు చేసిందని కేసు పెట్టారు. ఇరవై రెండు రోజులు జైల్లో ఉండి ఆమె బెయిలు మీద ఇంటికి వచ్చేసరికి, వాగు ఇవతల కూడా కంచె పడింది. సంతోషమ్మ కంచె పక్కనే కూర్చుని ఉంది.

"మన పేరు నువ్వు రాసినావంట గదా పాపా," అంది కూతురితో. "అందరూ అంటా ఉండారు. నువ్వు రాసిందాన్నే ముందు నుంచీ ఉండాదని మేము పొరబడినామంట. మీ నాయన కూడా పొరబడినాడంట."

"నేను రాయలేదు మా. అది ఉండింది. నేను నా కండ్లతో చూసినా."

"నువ్వు చూస్తే సరిపోతాదా?" అని సంతోషమ్మ ముఖం తిప్పుకుంది.

నెల తిరిగేసరికి చెంగమ్మ వాగు దాటి వచ్చింది. కంబాలమిట్ట తరఫున కేసు వేయడానికి చిత్తూరులో ఒక ప్లీడరు దొరికాడు. మెషిన్లు ఎర్రరాతను తినేశాయని లోపల పనిచేసిన మనిషి ఎవరైనా రాసిస్తే దారి దొరకవచ్చని ఆయన చెప్పాడు. చెంగమ్మ కోమలి రెండు చేతులూ పట్టుకుంది. "నీ మీద ఎవురేమన్నా నేను నమ్మలేదు మే. నా కండ్ల ముందర పెరిగిన బిడ్డవి. మాకోసరం ఆ ఒక్క మాట రాసియ్యి."

కోమలి కాదనలేకపోయింది. ఇద్దరూ బస్సులో చిత్తూరు పోయారు. కోమలి చెబుతుంటే ప్లీడరు ఒక్కో వాక్యం అడిగి అడిగి రాసుకున్నాడు. తప్పు ఏ రోజు కనిపెట్టావని అడిగాడు. అప్పటికి పుస్తకాలు ఎక్కడున్నాయని అడిగాడు. అబద్ధం చెప్పవచ్చు. లారీ పోయినాక తెలిసిందంటే సరిపోతుంది. కానీ ఆ అబద్ధం నిలవదు. తన ఊరి పేర్లు తీసింది లారీ రాకముందే కదా. కోమలి నిజమే చెప్పింది.

చెంగమ్మకు చదువు రాదు కాబట్టి ప్లీడరు అంతా బిగ్గరగా చదివి వినిపించాడు. సగంలో చెంగమ్మ చేయెత్తి ఆపింది.

"ఆ ముక్క మళ్ళీ సదువు నాయనా."

ఆయన మళ్ళీ చదివాడు. చెంగమ్మ కోమలి వైపు తిరిగింది.

"లారీ రాకముందే తెలుసునా నీకు?"

"తెలుసు పెద్దమ్మా."

"మూడు దినాలు ముందరే?"

"ఊఁ."

"మా పుస్తకం సూసినావా?"

కోమలి తల వంచుకుంది. "చేతిలో పట్టుకున్నా."

చెంగమ్మ కొంతసేపు ఆమె చేతులనే చూసింది. "మే, ఒగ మాట చెప్పుంటే సాలు గదా. మేమే వచ్చుందుము. నలభై ఇండ్లోళ్ళం, పిల్లా జెల్లా అందరమూ వచ్చి లారీ ముందర పడుకోనుందుము. చెనిక్కాయ చేన్లో జేసీబీ ముందర పడుకున్నోళ్ళం, ఆడ పడుకోమా?"

కోమలి ఏడుస్తూ ఆమె చేయి పట్టుకోబోయింది. చెంగమ్మ చేయి వెనక్కి తీసుకుంది.

"ఏడ్సద్దు. సంతకం పెట్టు."

కోమలి సంతకం పెట్టింది. చెంగమ్మ ఆ కాగితం మడిచి రవికలో పెట్టుకుని లేచింది. బస్టాండులో సత్యవేడు బస్సు కదలబోతుంటే ఎక్కి, వెనకనే వచ్చిన కోమలి మెట్టు మీద కాలు పెట్టగానే అడ్డంగా నిలబడింది.

"నువ్వు ఎనకాల బస్సులో రా."

ఆ కాగితం కంబాలమిట్టకు అక్కరకు రాలేదు. రాసిచ్చిన మనిషే ముద్దాయి కాబట్టి ఆమె మాట చెల్లదని కోర్టు పక్కన పెట్టింది. మునస్వామి ఫ్యాక్టరీ లేచింది, కంబాలమిట్ట ఆడవాళ్ళు అందులోనే మామిడికాయలు ఏరే పనికి కుదిరారు. కానీ కోమలి కేసులో మాత్రం అదే కాగితం పనికొచ్చింది. ఎవరికీ చెప్పకుండా, ఒంటరిగా, తన ఊరి ఫైలు ఒక్కటే మార్చానని ఆమే సంతకం పెట్టి ఒప్పుకుందని అవతలి ప్లీడరు వాక్యం వాక్యం చదివాడు. 2005లో ఏడాదిన్నర శిక్ష పడింది.

తీర్పు రోజు చెంగమ్మ కోర్టుకు వచ్చింది. ఎవరు పిలిచారో తెలియదు. కోమలిని లోపలికి తీసుకుపోయాక, సంతోషమ్మ తన కూతురి తరఫు ప్లీడరు కోటు అంచు పట్టుకుంది.

"ఆ పాప ఆ కాగితం రాయకపోయుంటే ఏమయ్యుండును సామీ?"

"సాక్ష్యం చాలదని కొట్టేసుండేవాళ్ళేమో అమ్మా."

సంతోషమ్మ మెట్ల మీద అట్లాగే కూలబడింది. రెండు మెట్ల కింద చెంగమ్మ నిలబడి ఉంది. ఆ మాట ఆమెకూ వినపడింది. ఒక అడుగు ముందుకు వేసింది, చేయి కూడా కొంచెం చాచింది. మళ్ళీ ఏమనుకుందో, కొంగు భుజం మీదికి లాక్కుని, ఫ్యాక్టరీ షిఫ్టుకు టైమవుతోందని బస్టాండు వైపు నడిచిపోయింది.